రాత్రి మెయిలును తెరకెక్కించిన జాన్ గ్రియర్సన్



ఈ ప్రత్యేక సంచికకు ఎవరైనా ఒక గొప్ప వ్యక్తి జీవిత విశేషాలు వ్రాసి పంపమని మన కార్యదర్శి గారు కోరినప్పుడు మొదట నాకు ఏమీ తోచలేదు. గాంధీగారిని గురించి, ప్రకాశం పంతులుగారిని గురించి, విశ్వేశ్వరయ్యగారిని గురించి నాకంటే బాగా వ్రాయగలవారు మన సంఘంలో చాలామంది ఉన్నారు. చివరకు నేను ఎంచుకున్న పేరు జాన్ గ్రియర్సన్. సినిమాను గురించి చదువుకున్నవారికి ప్రపంచమంతటా తెలిసిన పేరే గాని, మన సభ్యులలో ఎక్కువమంది విని ఉండరు. ఆయన స్కాట్లండు దేశస్థుడు. డాక్యుమెంటరీ అనే మాటను సినిమాకు తగిలించి, దానినొక ఉద్యమంగా నడిపినవాడు. ఆయన పోయి యాభై ఏళ్ళు దాటింది. పోస్టల్ పెన్షనర్ల పత్రికలో ఆయన ప్రసక్తి ఎందుకని మీరు అడగవచ్చు. ఆయన కొన్నేళ్ళపాటు పోస్టాఫీసు జీతం తీసుకున్న మనిషి. అంతకంటే ముఖ్యం, మన ఆర్.ఎం.ఎస్. పని వంటి పనిని తెర మీదకు ఎక్కించి, చూడండి, ఇదీ పని అని లోకానికి చూపించినవాడు.

నేను ఆర్.ఎం.ఎస్. 'వై' డివిజన్‌లో సార్టరుగా చేరి, హెడ్ సార్టరుగా రిటైరయ్యాను. ఆ డ్యూటీ అప్పట్లో ఎలా ఉండేదో తెలిసినవారికి చెప్పనక్కరలేదు, తెలియని పిల్లల కోసం రెండు మాటలు. రైలుకు తగిలించిన మెయిల్ వ్యాన్‌లో, గూళ్ళ బీరువా ముందు రాత్రంతా నిలబడి ఉత్తరాలు ఊళ్ళవారీగా విడగొట్టవలసి వచ్చేది. కట్టలు కట్టాలి, బ్యాగులో వేయాలి, పురికొసతో మూతి బిగించి లక్క సీలు వేయాలి, ఆ స్టేషను వచ్చేసరికి తలుపు దగ్గర సిద్ధంగా ఉంచవలసి వచ్చేది. రైలు మన కోసం ఆగదు. నేను డ్యూటీకి పోతున్నానంటే మా ఇంటావిడకు తెలిసినదల్లా ఒక చెంబు, ఒక టిఫిన్ క్యారియర్, మర్నాడో ఆ మర్నాడో మసి బట్టలతో తిరిగి రావడం. రైల్లో ఏం చేస్తారని ఎవరైనా అడిగితే ఆవిడ ఏదో పోస్టాఫీసు పని అనేది.

1970లలో ఒక ఫిల్మ్ సొసైటీ వారు పాత ఇంగ్లీషు డాక్యుమెంటరీలు ప్రదర్శిస్తుంటే ఒక మిత్రుడు నన్ను లాక్కుపోయాడు. డ్యూటీ దిగి వచ్చాను, నిద్ర మత్తు మీద ఉన్నాను. అందులో మూడవదో నాలుగవదో, నైట్ మెయిల్ అనే ఇరవై అయిదు నిమిషాల చిత్రం. తెర మీద మా వ్యానే కనబడినట్లయింది. మనుషులు తెల్లవాళ్ళు, భాష వేరు, చలి వేరు, కాని ఉత్తరాన్ని చూడకుండానే చెయ్యి గూటి వైపు పోయే ఆ తీరు మాదే. నా మత్తు దిగిపోయింది. ఆ చిత్రం తీయించిన మనిషి ఎవరా అని అప్పటి నుంచి దొరికినదల్లా చదువుతూ వచ్చాను. ఈ వ్యాసం అలా పోగైనదే.

గ్రియర్సన్ 1898 ఏప్రిల్ 26న స్కాట్లండులో డీన్‌స్టన్ అనే గ్రామంలో పుట్టాడు. తండ్రి బడిపంతులు. 1900లో ఆయనకు స్టెర్లింగ్ పట్నం ప్రక్కనున్న కాంబస్‌బారన్ అనే ఊళ్ళో హెడ్మాస్టరు ఉద్యోగం రావడంతో కుటుంబం అక్కడికి మారింది. తల్లి కూడా ఉపాధ్యాయినే, పైగా రాజకీయాలు ఎరిగిన మనిషి. బొగ్గుగని కార్మికులు పనులు లేక పస్తులుంటే వారికోసం ఊళ్ళో గంజికేంద్రం నడిపిన ఇల్లాలు. కష్టపడేవాడిని జాలిగా కాక గౌరవంగా చూడడం గ్రియర్సన్‌కు ఏ విశ్వవిద్యాలయంలోనో వచ్చిన గుణం కాదు, ఆ ఇంట్లోనే వచ్చింది. ఆయన చెల్లెళ్ళు మేరియన్, రూబీ కూడా తరువాత ఇదే రంగంలోకి వచ్చారు. రూబీ కథ ముందు వస్తుంది.

మొదటి ప్రపంచయుద్ధం వచ్చింది. 1916లో ఆ కుర్రవాడు నౌకాదళంలో చేరాడు. ఏ ఉద్యోగమో తెలుసా? టెలిగ్రాఫిస్టు! సముద్రంలో శత్రువులు వదిలిన మందుపాతరలను ఏరివేసే చిన్న ఓడల మీద వైర్‌లెస్ టెలిగ్రాఫిస్టుగా 1919 దాకా పనిచేశాడు. మన టెలిగ్రాఫ్ సోదరులు ఈ ముక్క చదివి సంతోషిస్తారని ప్రత్యేకంగా వ్రాస్తున్నాను. ఆ ఓడల మీద పనిచేసేవారిలో చేపలు పట్టే జాలరి కుటుంబాల నుంచి వచ్చినవారు ఎందరో. వారితో కలిసి తిని, వారితో కలిసి ప్రాణభయంతో గడిపిన రోజులు ఆయన మరచిపోలేదు.

యుద్ధం ముగిశాక గ్లాస్గో విశ్వవిద్యాలయంలో సాహిత్యం, తత్త్వశాస్త్రం చదివి 1923లో ఎం.ఏ. పట్టా పుచ్చుకున్నాడు. మరుసటి సంవత్సరం రాక్‌ఫెల్లర్ ఫెలోషిప్ మీద అమెరికా వెళ్ళాడు. షికాగోలో ఆయన పరిశోధించిన విషయం ప్రజాభిప్రాయం ఎలా తయారవుతుందన్నది. అప్పట్లో వాల్టర్ లిప్‌మన్ అనే ప్రసిద్ధ పత్రికా రచయిత ఒక వాదన చేస్తుండేవాడు. ఈనాటి ప్రపంచం ఎంత చిక్కుపడి ఉన్నదంటే సామాన్య పౌరుడికి దాని వ్యవహారం తెలిసే అవకాశం లేదు, తెలియనివాడు వేసే ఓటుతో ప్రజాస్వామ్యం ఎట్లా నడుస్తుంది అని. గ్రియర్సన్ ఆ రోగాన్ని ఒప్పుకున్నాడు గాని, మందు లేదనడాన్ని ఒప్పుకోలేదు. తన ఇంటికి వెలుగు ఎలా వస్తున్నది, పళ్ళెంలో చేప ఎలా వస్తున్నది, ఉత్తరం ఎలా వస్తున్నది అన్నది పౌరుడికి కథలా రక్తి కట్టేటట్లు చూపగలిగితే అతనికి తన సమాజం అర్థమవుతుంది కదా అన్నది ఆయన ఆలోచన. పత్రికలకంటే సినిమాను పరిశీలించమని సలహా ఇచ్చింది కూడా ఆ లిప్‌మన్‌గారేనట.

1926 ఫిబ్రవరి 8న న్యూయార్క్ సన్ పత్రికలో రాబర్ట్ ఫ్లాహర్టీ తీసిన మోనా అనే చిత్రాన్ని సమీక్షిస్తూ, ఆ చిత్రానికి డాక్యుమెంటరీ విలువ ఉన్నదని గ్రియర్సన్ వ్రాశాడు. ఒక చిన్న సమీక్షలో దొర్లిన మాట అది. అదే ఇవాళ మనం వాడుతున్న డాక్యుమెంటరీ.

1927లో ఇంగ్లండు తిరిగివచ్చి ఎంపైర్ మార్కెటింగ్ బోర్డు అనే సర్కారీ సంస్థలో చేరాడు. బ్రిటిష్ సామ్రాజ్యంలో పండే సరుకులను, మన దేశపు తేయాకుతో సహా, ఇంగ్లండు ప్రజలచేత కొనిపించడం ఆ బోర్డు పని. అంటే మనల్ని ఏలినవారి వ్యాపార ప్రచారమే, అందులో దాపరికం లేదు. దాని కార్యదర్శి స్టీఫెన్ టాలెంట్స్ మాత్రం దూరదృష్టి కల అధికారి. ఈ కుర్రవాడిలో ఏదో ఉన్నదని గుర్తించి వెన్నుకాశాడు. సర్వీసులో అలాంటి పైఅధికారి ఒక్కడు దొరికితే చాలునని మనకందరకూ తెలుసు.

సినిమా తీయడానికి డబ్బు ఆర్థికశాఖ ఇవ్వాలి. ఆర్థికశాఖ వారు ఎక్కడయినా ఒక్కటే, అడిగిన వెంటనే ఇవ్వరు. అప్పుడు ఆ శాఖలో ఫైనాన్షియల్ సెక్రటరీగా ఉన్న ఆర్థర్ శామ్యూల్ అనే ఆయన హెర్రింగ్ చేపల మీద ఒక పుస్తకం వ్రాసిన పెద్దమనిషి. దానితో మొదటి చిత్రం హెర్రింగ్ చేపల వేట మీద తీస్తామని ప్రతిపాదన పెట్టారు. ఫైలు కదిలింది! ఈ సంగతి చదివినప్పుడు నేను ఒంటరిగా కూర్చుని నవ్వుకున్నాను.

అలా తయారైనదే డ్రిఫ్టర్స్. ఉత్తర సముద్రంలో వలలు వేసే జాలర్లు, వారి ఆవిరి పడవ, తుపాను, రాత్రంతా వల లాగడం, తెల్లవారి రేవులో చేపల వేలం. నటులు లేరు, కథానాయిక లేదు, జాలర్లే ఉన్నారు. మూకీ చిత్రం. అంతవరకు బ్రిటిష్ సినిమాల్లో కూలివాడు కనబడితే నవ్వించడానికే కనబడేవాడు. 1929 నవంబరు 10న లండన్ ఫిల్మ్ సొసైటీలో, ప్రపంచమంతా చెప్పుకుంటున్న రష్యన్ చిత్రం బ్యాటిల్‌షిప్ పొటెంకిన్‌తో పాటు ఒకే రోజున దీనిని ప్రదర్శించారు. పక్కన అంత పెద్ద చిత్రం ఉన్నా ఇది తేలిపోలేదు సరికదా, మంచి పేరు తెచ్చుకున్నది. ఆ పేరుతో ఆయన వరసగా తన చిత్రాలు తాను తీసుకుంటూ పోవచ్చు. అలా చేయలేదు. తాను పూర్తిగా దర్శకత్వం వహించినది దాదాపు ఆ ఒక్కటే. తరువాత అంతా ఇతరులచేత తీయించడమే.

1930లో మార్గరెట్ టేలర్‌ను వివాహమాడాడు. డ్రిఫ్టర్స్ కూర్పులో ఆమె సహాయం చేసింది. అదే కాలంలో బోర్డులో ఫిల్మ్ యూనిట్ ఏర్పడింది. బేసిల్ రైట్, ఆర్థర్ ఎల్టన్, ఎడ్గార్ ఆన్‌స్టీ, స్టూవర్ట్ లెగ్, హ్యారీ వాట్ వంటి కుర్రవాళ్ళను చేర్చుకున్నాడు. ఎవరికీ పెద్దగా అనుభవం లేదు. జీతాలు స్వల్పం, పనివేళలకు అంతు లేదు. గ్రియర్సన్ పొట్టి మనిషి, గొంతు మాత్రం పెద్దది, కోపం ఇంకా పెద్దది. తీసిన ముక్కలు నచ్చకపోతే చీల్చి చెండాడేవాడు. అయినా చాలామంది ఆయనను వదలిపోలేదంటే చూడండి. డాక్యుమెంటరీకి గురువని తానే మెచ్చుకున్న ఫ్లాహర్టీని పిలిపించి, ఇంగ్లండు పరిశ్రమలలోని పనివారి మీద ఒక చిత్రం తీయమన్నాడు. ఆ మహానుభావుడు మంజూరైన ఫిల్మంతా మొదటి విడతలోనే ఖర్చుపెట్టేస్తే, గురువని కూడా చూడకుండా ఆపి, మిగతాది కుర్రవాళ్ళచేత పూర్తి చేయించాడు. సర్కారు సొమ్ముకు లెక్క చెప్పవలసింది తానే కదా.

1933లో ఆ బోర్డును ఎత్తివేశారు. యూనిట్ వీధిన పడవలసిందే. కాని టాలెంట్స్ గారికి బ్రిటిష్ పోస్టాఫీసులో పౌరసంబంధాల ఉద్యోగం వచ్చింది. ఆయన యూనిట్‌ను కూడా తనతో తీసుకుపోయాడు. మనుషులతో, కెమెరాలతో సహా ట్రాన్స్‌ఫరన్న మాట. అలా జి.పి.ఓ. ఫిల్మ్ యూనిట్ పుట్టింది. అప్పట్లో అక్కడ టెలిఫోన్లు, టెలిగ్రాఫులు, సముద్రపు కేబుళ్ళు, సేవింగ్స్ బ్యాంకు అన్నీ పోస్టాఫీసు క్రిందనే ఉండేవి. వాటన్నిటి మీద చిన్న చిన్న చిత్రాలు తీశారు. సాయంత్రం డబ్బా విప్పిన దగ్గర నుంచి ఉత్తరాల ప్రయాణం మీద ఒకటి, కేబుల్ ఓడ మీద ఒకటి, వాతావరణ సూచన ఎలా అందుతుందన్నదాని మీద ఒకటి.

ఇక 1936 నాటి నైట్ మెయిల్. లండన్ యూస్టన్ స్టేషను నుంచి స్కాట్లండుకు ప్రతి రాత్రి ప్రయాణికులు లేకుండా ఉత్తరాలతోనే పోయే పోస్టల్ స్పెషల్ రైలు కథ. దర్శకులు హ్యారీ వాట్, బేసిల్ రైట్. దారిలో ఆ రైలు చాలా ఊళ్ళలో ఆగదు. అక్కడ పట్టాల ప్రక్కన వలలాంటి అమరిక ఉంటుంది. వ్యాన్‌లోని మనిషి తోలు సంచీని చేతిలాంటి ఒక అమరికకు తగిలించి బయటికి తోస్తే, అది వేగంగా పోతూ ఆ వలలో పడుతుంది. అలాగే బయట వ్రేలాడే సంచీ వచ్చి వ్యాన్ వలలో పడుతుంది. ఒక్క క్షణం తేడా వస్తే సంచీ నాశనం, చెయ్యి నాశనం. క్రొత్త కుర్రవాడికి పాతవాడు ఆ క్షణం ఎలా కనిపెట్టాలో నేర్పుతాడు. రెండు వంతెనలు దాటాక పట్టాల చప్పుడు నలభై అయిదు సార్లు లెక్కపెట్టి అప్పుడు తోయాలి. చీకట్లో చెవితో ఊరిని పోల్చుకోవడం! మాకు సంచులు విసిరే పద్ధతి లేదు గాని, చెవి సంగతి మాత్రం నిజం. వంతెన మోతను బట్టి, మలుపులో వ్యాన్ ఒరిగిన తీరును బట్టి, తలెత్తకుండానే ఏ స్టేషను వస్తున్నదో చెప్పగలిగేవాళ్ళం. ఈ విద్యకు ఏ డిపార్టుమెంటల్ పరీక్షలోనూ మార్కులు లేవు. అలాంటిది సినిమాలో పెట్టాలని ఎవరికి తోస్తుంది?

చిన్న రహస్యం కూడా చెబుతాను. చిత్రంలో సార్టర్లు ఉత్తరాలు విడగొడుతుంటే వ్యాన్ ఊగుతున్నట్లు కనబడుతుంది. నిజానికి అది కదలలేదు. నడుస్తున్న రైల్లో ఆ పనిని మాటలతో సహా చిత్రించడం సాధ్యం కాక, వ్యాన్ లోపలి భాగాన్ని స్టూడియోలో కట్టారు. మనుషులు మాత్రం నిజమైన పోస్టాఫీసు సార్టర్లే. రైలు ఊగినట్లు వారినే ఊగమన్నారు. నాకు ఇది తెలిసినప్పుడు ముందు మనసు చివుక్కుమన్నది. తరువాత ఆలోచిస్తే, ఇరవై ఏళ్ళు ఊగే నేల మీద నిలబడిన కాళ్ళు అవి, ఆగిన నేల మీద ఊగడం వాటికి ఏమంత కష్టం!

చివరి భాగానికి డబ్ల్యూ.హెచ్. ఆడెన్ అనే కవి గేయం వ్రాశాడు, బెంజమిన్ బ్రిటన్ సంగీతం కూర్చాడు. ఇద్దరూ అప్పటికి ముప్పై ఏళ్ళు నిండని కుర్రవాళ్ళు, ఇద్దరూ ఆ యూనిట్‌లో స్వల్ప జీతం మీద పనిచేస్తున్నవారే. తరువాత ఒకరు ఆ భాషలోని మహాకవులలో, మరొకరు ఆ దేశపు మహా సంగీతకారులలో లెక్కకు వచ్చారు. గేయం రైలు చక్రాల నడకతో నడుస్తుంది. వేగంగా చదివిన గొంతు స్టూవర్ట్ లెగ్‌ది, చివర నెమ్మదిగా వినిపించేది గ్రియర్సన్‌దే. ధ్వని సంగతులలో కావల్కాంటి అనే బ్రెజిల్ దేశస్థుడు తోడ్పడ్డాడు. పేర్ల దగ్గర ఒక పేచీ వచ్చింది. వాట్, రైట్ ఇద్దరి పేర్లూ కలిపి వేయించాడు గ్రియర్సన్. ఎక్కువ కష్టం తనదేనని వాట్ చాలా ఏళ్ళు బాధపడ్డాడు. ఆఫీసులలో ఇవి మామూలే. ఒకరు వ్రాసిన నోట్ క్రింద మరొకరి సంతకం ఉండడం చూడనివారు మనలో ఎవరు?

నాకు ఒక అసంతృప్తి ఉన్నది, దాచను. ఆ చిత్రంలో పని ఉన్నది, పనివాడి జీతం లేదు. రాత్రి డ్యూటీ భత్యం, సెలవులు, నిలబడి నిలబడి ఉబ్బిన కాళ్ళ నరాలు, ఇవేవీ లేవు. ఖర్చు పెట్టేది యజమాని, అంటే పోస్టాఫీసు. యజమాని డబ్బుతో పనివాడి గౌరవం చూపవచ్చు గాని, పనివాడి ఫిర్యాదు చూపడం కష్టం. గ్రియర్సన్ జీవితమంతా నడిచినది ఈ గీత మీదనే. అది ఎక్కడిదాకా పోవచ్చునో తెలిసి, ఆ అంచుదాకా తోసేవాడు.

ఆయన శిష్యులు ఇంకొంచెం ముందుకు పోయినది 1935లో. ఎల్టన్, ఆన్‌స్టీ ఇద్దరూ గ్యాస్ కంపెనీల సంఘం ఇచ్చిన డబ్బుతో లండన్ మురికివాడల మీద హౌసింగ్ ప్రాబ్లమ్స్ తీశారు. వ్యాఖ్యాత చెప్పడం కాకుండా, ఆ ఇళ్ళలో ఉండేవారే కెమెరా ముందు నిలబడి నల్లులు, ఎలుకలు, కారే కప్పుల సంగతి తమ నోటితో చెప్పారు. ఇవాళ టీవీలో ఇది రోజూ చూస్తున్నాం గనుక వింతగా అనిపించదు. అప్పుడు క్రొత్త. ఆ జనం బెరుకు పోగొట్టి, కెమెరా వారిదే అనిపించి మాట్లాడించినది గ్రియర్సన్ చెల్లెలు రూబీ. తెర మీద ఆమె కనబడదు. నాకు మాత్రం ఆ చిత్రంలో అసలు పని ఆమెదే అనిపిస్తుంది.

1937లో గ్రియర్సన్ పోస్టాఫీసు ఉద్యోగానికి రాజీనామా ఇచ్చాడు. మరుసటి ఏడు కెనడా ప్రభుత్వం సలహా కోసం పిలిచింది. ఆయన ఇచ్చిన నివేదిక మీద 1939లో చట్టం చేసి నేషనల్ ఫిల్మ్ బోర్డు స్థాపించారు. దానికి మొదటి కమిషనరు కూడా ఆయనే అయ్యాడు. అప్పటికే రెండవ ప్రపంచయుద్ధం మొదలైంది. కొద్దిమందితో ఆరంభమైన బోర్డులో 1945 నాటికి సుమారు 800 మంది పనిచేశారు. వారిలో ఆడవాళ్ళు చాలామంది. చర్చిల్స్ ఐలాండ్ అనే 1941 నాటి చిత్రానికి, డాక్యుమెంటరీలకిచ్చే మొట్టమొదటి ఆస్కార్ వచ్చింది.

ఆస్కార్‌కంటే నాకు నచ్చినది వేరే ఉన్నది. 1942 నుంచి 16 ఎం.ఎం. ప్రొజెక్టరు, తెర, కరెంటు లేని చోట్లకు జెనరేటరు బండిలో వేసుకుని, మంచులో, బురదలో పల్లె పల్లెకూ తిరిగే ఆపరేటర్లను నియమించారు. నెలకొకసారి బడిలోనో ఊరి హాలులోనో ఆట. కార్మిక సంఘాల కోసం, కర్మాగారాల కోసం వేరే బళ్ళు. జనం చిత్రం చూసి, తరువాత కూర్చుని దాని మీద చర్చించుకునేవారు. థియేటరు యజమానులు మన చిత్రాలు వేయరని ఏడవడం దేనికి, జనం ఉన్నచోటికే పోదాం అన్నది ఆయన పద్ధతి. పోస్టుమాన్ పని కదా ఇది!

1940 సెప్టెంబరు 17న సిటీ ఆఫ్ బెనారస్ అనే ఓడను జర్మనులు అట్లాంటిక్ సముద్రంలో ముంచివేశారు. పేరు మన కాశీది, సిబ్బందిలో చాలామంది మన దేశపు నావికులు. బాంబుల నుంచి తప్పించి ఇంగ్లండు పిల్లలను కెనడాకు చేరవేస్తున్న ఓడ అది. ప్రభుత్వ పథకం మీద ఎక్కిన 90 మంది పిల్లలలో 77 మంది పోయారు. ఆ పిల్లల ప్రయాణాన్ని అన్నగారి బోర్డు కోసం చిత్రిస్తూ రూబీ కూడా అందులో ఉన్నది. ఆమె తిరిగి రాలేదు. అదే ఏడు ఆమె తీసిన చిత్రం ఇళ్ళలో ఆడవాళ్ళు చేసే చాకిరీ మీద. అది కూడా దేశసేవేనని చెప్పే చిత్రం.

యుద్ధకాలంలో బోర్డు చేసినదంతా మంచిదేనని నేను అనను. జపాను సంతతి కెనడా పౌరులను ఇళ్ళలో నుంచి వెళ్ళగొట్టి శిబిరాలలో పెట్టిన అన్యాయాన్ని, అక్కడ అంతా సవ్యంగా ఉన్నట్లు చూపిన చిత్రం కూడా ఆ బోర్డుదే. సర్కారు ఉప్పు తిని సర్కారు తప్పు చూపించడం ఎంత కష్టమో ఇక్కడ తెలుస్తుంది.

1945లో ఆయన ఆ పదవి వదిలాడు. న్యూయార్క్‌లో సొంతంగా సంస్థ పెట్టి, ప్రపంచ దేశాలు ఒకదాని సంగతి మరొకటి తెలుసుకునే చిత్రాలు తీయించాలన్నది ఆలోచన. అప్పుడే పిడుగు పడింది. ఒటావాలోని సోవియట్ రాయబార కార్యాలయంలో సంకేతలిపి గుమాస్తాగా ఉన్న గుజెంకో అనే ఉద్యోగి, 1945 సెప్టెంబరులో కాగితాలతో సహా బయటికి వచ్చి గూఢచర్యం సంగతి బయటపెట్టాడు. ఆ కాగితాలలో, కొంతకాలం గ్రియర్సన్ ఆఫీసులో సెక్రటరీగా పనిచేసిన ఒక ఉద్యోగిని ప్రస్తావన వచ్చింది. 1946లో విచారణ సంఘం గ్రియర్సన్‌ను పిలిచి ప్రశ్నించింది. నీ రాజకీయాలు ఏమిటి, నీ చిత్రాలలో ఎవరి వైపు మాట్లాడావు అన్న ధోరణి. ఆయన మీద ఏ నేరమూ ఋజువు కాలేదు, అసలు నేరారోపణే జరగలేదు. కాని అనుమానానికి ఋజువు అక్కర్లేదు కదా. 1947లో అమెరికా వీసా పోయింది. న్యూయార్క్ సంస్థ మూతపడింది. మూడు ప్రభుత్వ సంస్థలను నిలబెట్టిన మనిషి, నలభై తొమ్మిదేళ్ళ వయసులో, ఎవరు పని ఇస్తారా అని చూడవలసి వచ్చింది.

సర్వీసులో ఉండగా ఒక ఆకాశరామన్న ఉత్తరం మీద ఒక సహోద్యోగి పడిన పాట్లు నాకు తెలుసు. ఎంక్వయిరీలో ఏమీ తేలలేదు, అయినా అతని వంక చూసే చూపులు మారిపోయాయి. గ్రియర్సన్ జీవితంలో ఈ ఘట్టం చదివినప్పుడల్లా నాకు అతనే గుర్తుకు వస్తాడు.

తరువాతి సంగతులు త్వరగా చెబుతాను. పారిస్‌లో యునెస్కోలో కొంతకాలం, 1948 నుంచి లండన్‌లో ప్రభుత్వ సమాచార శాఖలో చిత్రాల కంట్రోలరుగా రెండేళ్ళు. డబ్బు తక్కువ, కమిటీలు ఎక్కువ. 1951 నుంచి గ్రూప్ త్రీ అనే సంస్థ ద్వారా కథాచిత్రాలు తీయించాడు. వాటిలో 1952 నాటి ది బ్రేవ్ డోంట్ క్రై చెప్పుకోదగినది. 1950లో స్కాట్లండులోని నాక్‌షినాక్ గనిలో 129 మంది చిక్కుకుపోయి, 116 మంది బయటపడిన ఉదంతం ఆధారంగా తీసినది. 1953లో ఆయనకు క్షయ వచ్చి చాలాకాలం ఆస్పత్రిలో ఉన్నాడు. ఇక ఈయన పని అయిపోయిందని అందరూ అనుకున్నారు. 1957లో స్కాటిష్ టెలివిజన్‌లో దిస్ వండర్‌ఫుల్ వరల్డ్ అనే కార్యక్రమం మొదలుపెట్టి, ప్రపంచ దేశాల డాక్యుమెంటరీల ముక్కలు చూపిస్తూ తానే వ్యాఖ్యానం చెప్పాడు. అది చాలా ఏళ్ళు నడిచింది. తెర వెనుక గడిపిన మనిషి ముఖం అరవై ఏళ్ళ వయసులో ఇంటింటికీ తెలిసింది. తరువాత కెనడా వారే మళ్ళీ పిలిచారు. 1969 నుంచి మాంట్రియల్‌లోని మెక్‌గిల్ విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పాడు. హాళ్ళు చాలనంతమంది విద్యార్థులు వచ్చేవారట.

ఇప్పుడు మన దేశం సంగతి. 1940లో ఇక్కడ బ్రిటిష్ ప్రభుత్వం ఫిల్మ్ అడ్వైజరీ బోర్డు పెట్టినప్పుడు చిత్రాలు తీయించడానికి వచ్చిన అలెగ్జాండర్ షా, గ్రియర్సన్ ఉద్యమంలో తయారైనవాడే. స్వాతంత్ర్యం వచ్చాక 1948లో ఏర్పడిన ఫిల్మ్స్ డివిజన్ కూడా ఆ దారిలో వచ్చినదే. 2022లో దానిని ఎన్.ఎఫ్.డి.సి.లో విలీనం చేశారు. మన తరం వారికి గుర్తుండే ఉంటుంది. ప్రతి సినిమా హాలులోనూ అసలు బొమ్మకు ముందు న్యూస్ రీలో, డాక్యుమెంటరీయో తప్పనిసరిగా వేసేవారు. వరదలు, ఆనకట్టలు, మంత్రుల ప్రారంభోత్సవాలు. అది ముగిశాక లోపలికి పోవచ్చని సోడా తాగుతూ బయట నిలబడినవారిలో నేనూ ఒకడిని. ఒక్క ఊరి నుంచి పెద్దాఫీసువారు తీసి దేశమంతటికీ పంపితే, జనం సోడా దుకాణం దగ్గర ఉండిపోతారన్నది గ్రియర్సన్‌కు తెలియని సంగతి కాదు. 1971లో ఆయన భారతదేశం వచ్చి కొన్ని నెలలు గడిపాడు. ఒక్కచోట పెద్ద సంస్థ కాదు, దేశమంతటా చిన్న చిన్న యూనిట్లు కావాలి, ఆ ప్రాంతపు మనుషులే తమ ప్రాంతపు జీవితాన్ని చూపుకోవాలి అన్నది ఆయన ఇక్కడ చెప్పిన పాఠం. అప్పటికి ఆయనకు డెబ్బై మూడేళ్ళు. మన రైళ్ళూ ఎక్కే ఉంటాడు. ఆ నెలల్లో నేను కూడా రాత్రిళ్ళు వ్యాన్‌లో నిలబడి ఉత్తరాలు విడగొడుతున్నాను.

డిసెంబరులో ఇంగ్లండు వెళ్ళాడు. తిరిగి రావలసి ఉండగా మనకూ పాకిస్తానుకూ యుద్ధం రావడంతో ప్రయాణం వాయిదాపడింది. జనవరిలో ఆస్పత్రిలో పరీక్షలు చేస్తే కాన్సరు అని తేలింది. 1972 ఫిబ్రవరి 19న బాత్ పట్నంలో కన్నుమూశాడు. అదే ఏడు ఆగస్టు 15న మన శాఖలో పిన్ కోడ్ వచ్చి, ఊళ్ళ పేర్లు కంఠస్థం పట్టిన మా సార్టర్ల విద్యకు అంకెలు అడ్డువచ్చాయి.

నాలుగైదేళ్ళ క్రితం మా మనవడు నైట్ మెయిల్‌ను తన కంప్యూటరులో వెతికి పెట్టాడు. ఇంటిల్లిపాదీ కూర్చున్నాం. సార్టర్ల ఘట్టం రాగానే మా ఇంటావిడ కళ్ళద్దాలు సవరించుకుని ముందుకు వంగింది. అన్ని గూళ్ళలో ఏది ఏ ఊరిదో అంత వేగంలో ఎలా తెలుస్తుందని, రాత్రంతా ఇలా నిలబడే ఉండేవారా అని అడిగింది. అవునన్నాను. పెళ్ళయిన యాభై ఏళ్ళ తరువాత అడిగిన ప్రశ్న అది. ఇంకోసారి మొదటి నుంచి వేయమని మనవడికి చెప్పింది.

తన దేహాన్ని దహనం చేసి, అస్థికల పాత్రను ఐర్లండు తీరాన ఓల్డ్ హెడ్ ఆఫ్ కిన్‌సేల్ దగ్గర సముద్రంలో ఉంచమని గ్రియర్సన్ వీలునామాలో వ్రాసుకున్నాడు. అంతకు కొన్ని నెలల ముందే పోయిన సోదరుడు ఆంథొనీ అస్థికలను కూడా అప్పుడే కలపమన్నాడు. ఏబుల్ సీమన్ అనే చిన్న చేపల పడవ వాటిని తీసుకుపోయింది. వెనుక మరికొన్ని పడవలు వెళ్ళాయి. పాత్ర నీటిని తాకినప్పుడు ఆ జాలర్లందరూ తమ పడవల కూతలు మోగించారు.